ఆపరేటింగ్ సిస్టమ్ ప్రారంభ పాఠ్యపుస్తకాలు: మూలం, వ్యాఖ్య, లైసెన్సు – చారిత్రక పరిశీలన

వ్యాససంగ్రహం

ఆపరేటింగ్ సిస్టమ్‌ను తొలిసారి అధ్యయనం చేసే విద్యార్థి కోసం 1970ల నుంచి రెండు రకాల పాఠ్యపుస్తకాలు వెలువడ్డాయి. సిద్ధాంతాలను వివరించేవి కొన్ని. పనిచేసే వ్యవస్థ మూలకోడ్‌ను ముందుంచి దానికి వ్యాఖ్య చెప్పేవి కొన్ని. 1979లో ఏటీ అండ్ టీ సంస్థ విధించిన లైసెన్సు నిబంధన కారణంగానే సిద్ధాంత గ్రంథాలు తరగతి గదిని ఆక్రమించాయన్న అభిప్రాయం ప్రచారంలో ఉంది. ఆయా గ్రంథాల కాలక్రమం ఆధారంగా ఆ అభిప్రాయం ఎంతవరకు నిలుస్తుందో ఈ వ్యాసం పరిశీలిస్తుంది. తెలుగు రాష్ట్రాల ఇంజనీరింగ్ విద్యలో ఈ చరిత్ర జాడలను కూడా చర్చిస్తుంది.

కీలక పదాలు: ఆపరేటింగ్ సిస్టమ్, పాఠ్యపుస్తకం, మూలకోడ్, వ్యాఖ్యానం, యునిక్స్, మినిక్స్, లైసెన్సు.

1. ఉపోద్ఘాతం

కంప్యూటర్‌లోని ప్రాసెసర్, జ్ఞాపకస్థానం, డిస్కు వంటి వనరులను అనేక ప్రోగ్రాముల మధ్య పంచి, ఒకదాని పనికి మరొకటి అడ్డు తగలకుండా చూసే ప్రోగ్రామే ఆపరేటింగ్ సిస్టమ్. తెలుగులో దీనిని నిర్వాహక వ్యవస్థ అని కొందరు వ్యవహరించినా ఆంగ్ల పదమే వాడుకలో స్థిరపడింది. ఇందులో యంత్రానికి అత్యంత సన్నిహితంగా ఉండే భాగం కెర్నెల్. మనుషులు చదవగల భాషలో రాసిన దాని రూపం మూలకోడ్. కొనుగోలుదారు చేతికి సాధారణంగా యంత్రం చదివే రూపమే వస్తుంది. మూలకోడ్ దాని యజమాని వద్దనే ఉండిపోతుంది.

ఈ చిన్న తేడాయే ఇక్కడ చెప్పబోయే చరిత్రకు మూలం. వ్యాకరణం బోధించే అధ్యాపకుడు ఉదాహరణకు భారతం నుంచి పద్యం తీసుకోవడానికి ఎవరి అనుమతీ కోరనక్కరలేదు. ఆపరేటింగ్ సిస్టమ్ బోధించే అధ్యాపకునికి చాలా కాలం ఆ వెసులుబాటు లేదు. బోధించవలసిన వస్తువు ఒక సంస్థ ఆస్తి. ఏ పుస్తకం మంచిదన్న ప్రశ్న కంటే ముందు, ఏది చూపడానికి చట్టం ఒప్పుకుంటుందన్న ప్రశ్న అతనికి ఎదురయ్యేది.

2. యంత్రంతో వచ్చిన పుస్తకాలు

తొలి పుస్తకాలు పాఠ్యపుస్తకాలు కావు. అవి వాడకందారుల కరదీపికలు. మసాచుసెట్స్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ టెక్నాలజీ (ఎంఐటీ)లో 1961లో ప్రదర్శించిన సీటీఎస్ఎస్ అనే కాలవిభజన వ్యవస్థకు 1963లో ప్రోగ్రామర్ల కరదీపికను ఎంఐటీ ప్రెస్ ముద్రించింది. వ్యవస్థను వాడుకోవలసినవారికి అది దారి చూపింది. ఇలియట్ ఆర్గానిక్ మల్టిక్స్ వ్యవస్థ నిర్మాణంపై 1972లో ప్రచురించిన గ్రంథం ఒక అడుగు ముందుకు వేసి లోపలి అమరికను వర్ణించింది. అయితే అది ఒకే ఒక్క మహావ్యవస్థ వర్ణన. ఆ యంత్రం అందుబాటులో లేని కళాశాలకు దానివల్ల కలిగే ప్రయోజనం స్వల్పం.

3. సిద్ధాంత గ్రంథాల ఆవిర్భావం

1960లలో ఆపరేటింగ్ సిస్టమ్ నిర్మాణం ఒక వృత్తినైపుణ్యం. దానిని శాస్త్రంగా భావించినవారు తక్కువ. ఆ స్థితిని మార్చినవారిలో డచ్ శాస్త్రవేత్త ఎడ్స్‌గర్ డైక్‌స్ట్రా ముఖ్యుడు. ఒకేసారి నడిచే ప్రక్రియలు పరస్పరం సహకరించే తీరుపై 1965లో ఆయన రాసిన వ్యాసం, ఐండ్‌హోవెన్‌లో నిర్మించిన వ్యవస్థపై 1968లో ప్రచురించిన పత్రం ఈ విషయానికి గణితపు గట్టిదనాన్ని ఇచ్చాయి. రైల్వే సిగ్నల్ నుంచి పేరు తీసుకున్న సెమాఫోర్ ఆయన ప్రతిపాదించినదే. దానిపై జరిపే రెండు చర్యలకు ఆయన పెట్టిన పి, వి అనే పొడి అక్షరాలు డచ్ మాటల నుంచి వచ్చాయి. విజయవాడలోనో వరంగల్‌లోనో ఆ రెండక్షరాలను కంఠస్థం చేసే విద్యార్థికి అవి ఏ భాషవో చెప్పేవారు అరుదు. 1965లోనే డైక్‌స్ట్రా పరీక్షలో ఇచ్చిన ఒక ప్రశ్న టేపు యంత్రాల కోసం పోటీపడే కంప్యూటర్ల గురించినది. టోనీ హోర్ దానిని భోజనం బల్ల చుట్టూ కూర్చున్న అయిదుగురు తత్త్వవేత్తల కథగా మలిచాడు. ప్రతి ఒక్కరికీ తినడానికి రెండు ఫోర్కులు కావాలి, బల్లపై ఉన్నవి మొత్తం అయిదే. చేత్తో అన్నం కలుపుకునే నేలపై ఈ కథ ఇన్నేళ్లుగా మార్పు లేకుండా పాఠమవుతుండటం ఒక విశేషమే.

1971 జూన్‌లో పీటర్ డెన్నింగ్ అధ్యక్షతన ఒక కార్యబృందం డిగ్రీ స్థాయిలో ఆపరేటింగ్ సిస్టమ్ సూత్రాల కోర్సు ఎలా ఉండాలో నివేదిక ఇచ్చింది. జాక్ డెన్నిస్, బట్లర్ లాంప్సన్, నికో హేబర్‌మన్ వంటివారు అందులో సభ్యులు. ప్రక్రియలు, జ్ఞాపక నిర్వహణ, రక్షణ వంటి అంశాలుగా విషయాన్ని విభజించిన ఆ నివేదిక పాఠ్యపుస్తకానికి విషయసూచిక వంటిది. ఫలితం త్వరగానే కనిపించింది. పెర్ బ్రించ్ హాన్సెన్ గ్రంథం, కాఫ్‌మన్–డెన్నింగ్‌ల సిద్ధాంత గ్రంథం 1973లో, మాడ్నిక్–డొనవన్‌ల గ్రంథం 1974లో, హేబర్‌మన్ గ్రంథం 1976లో వచ్చాయి.

ఈ తేదీలను గుర్తుంచుకోవాలి. ఇవన్నీ 1979కి ముందువి. ఏ నిషేధమూ వీటిని పుట్టించలేదు. విషయాన్ని యంత్రాల బారి నుంచి తప్పించి శాస్త్రంగా నిలబెట్టాలన్న తపన, ఒక్కో విశ్వవిద్యాలయంలో ఒక్కో రకం యంత్రం ఉన్న పరిస్థితి కలిసి వీటికి కారణమయ్యాయి. బ్రించ్ హాన్సెన్ విషయంలో మరొక మాట చెప్పాలి. డెన్మార్క్‌లో ఆర్‌సీ 4000 యంత్రానికి ఆయన స్వయంగా వ్యవస్థ నిర్మించి వచ్చినవాడు. సూత్రాలతో ఆయన తృప్తి పడలేదు. సోలో అనే చిన్న వ్యవస్థను రాసి, దాని కోడ్‌ను 1977 నాటి తన మరో గ్రంథంలో ముద్రించాడు. సూత్రవాదులందరూ కోడ్‌కు విముఖులన్న భావన ఆయన ముందు నిలవదు.

4. జాన్ లయన్స్: మూలమూ వ్యాఖ్యా

రెండవ మార్గం ఆస్ట్రేలియాలో మొదలయింది. బెల్ ల్యాబ్స్‌లో కెన్ థాంప్సన్, డెనిస్ రిచీ నిర్మించిన యునిక్స్ గురించి 1974 జులైలో వెలువడిన పత్రాన్ని చూసి సిడ్నీలోని న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయం ఆ వ్యవస్థను తెప్పించుకొంది. 1956 నాటి న్యాయస్థాన ఒప్పందం వల్ల బెల్ ల్యాబ్స్ యజమాని అయిన ఏటీ అండ్ టీ టెలిఫోన్ వ్యాపారం దాటి పోకూడదు. అందువల్ల యునిక్స్ మూలకోడ్‌తో సహా విశ్వవిద్యాలయాలకు నామమాత్రపు రుసుముకే అందింది. అక్కడి అధ్యాపకుడు జాన్ లయన్స్ (1937–1998) దానిని చదివి, విద్యార్థుల చేత చదివించవచ్చునని గ్రహించాడు.

1976లో విద్యార్థుల కోసం సిద్ధం చేసి 1977లో సవరించిన ఆయన రచన రెండు సంపుటాలు. మొదటిది యునిక్స్ ఆరో ఎడిషన్ కెర్నెల్ మూలకోడ్, సుమారు 9,000 వరుసలు. రెండవది దానికి వ్యాఖ్య. కోడ్‌ను పుటకు రెండు నిలువు వరుసల్లో, వరుసకు 50 పంక్తుల చొప్పున, మొత్తం పుటకు 100 పంక్తులుగా అచ్చువేశారు. పంక్తి సంఖ్యను చూడగానే అది ఏ పుటలో ఉందో తెలిసిపోతుంది. వ్యాఖ్యలో ప్రస్తావించిన ప్రతి పంక్తినీ విద్యార్థి క్షణంలో పట్టుకోగలడు. రెండు పుస్తకాలనూ పక్కపక్కన తెరిచి చదవడం కోసమే వాటిని విడదీశారు.

మూలాన్నీ వ్యాఖ్యనూ ఎదురెదురుగా పెట్టుకొని చదివే పద్ధతి తెలుగు పండితులకు కొత్త కాదు. మెదక్ ప్రాంతపు కొల్చారం వాసి అయిన మల్లినాథసూరి కాళిదాస కావ్యాలకు వ్యాఖ్య రాస్తూ, మూలంలో ఆధారం లేనిది రాయననీ, అవసరం లేనిది చెప్పననీ నియమం పెట్టుకొన్నాడు. లయన్స్‌కు ఈ సంప్రదాయంతో ఏ పరిచయమూ ఉండి ఉండదు. అయినా ఆయన రచన నడక ఇదే. ముందుగా పీడీపీ-11 యంత్రం గురించి, సీ భాషను చదివే తీరు గురించి అవసరమైనంత చెబుతాడు. తర్వాత వ్యవస్థ మేల్కొనే క్షణం నుంచి మొదలుపెట్టి ప్రక్రియలు, అంతరాయాలు, డిస్కు, ఫైళ్లు, టెర్మినళ్ల వరకు కోడ్ వెంట నడుస్తాడు. కోడ్‌లోని లోపాలను లోపాలనే అంటాడు. అభ్యాసాలు ఇస్తాడు. పెద్ద ప్రోగ్రామును పూర్తిగా చదివిన అనుభవం విద్యార్థికి కలగాలన్నది ఆయన పట్టుదల. ప్రోగ్రాములు రాయించడమే బోధన అనుకొన్న కాలంలో చదివించడం గురించి ఆలోచించిన వ్యక్తి ఆయన.

ఆ కోడ్‌లో ఒక చోటు ప్రసిద్ధం. ఒక ప్రక్రియను ఆపి మరొక దానికి ప్రాసెసర్‌ను అప్పగించే భాగంలో, ఇది మీకు అర్థమవుతుందని ఆశించడం లేదన్న అర్థంలో ఒక వ్యాఖ్య ఉంది. పాఠకుణ్ణి కించపరచడానికి దానిని రాయలేదనీ, పరీక్షకు రాదులెమ్మన్న ధోరణిలో రాసిందనీ రిచీ తర్వాత వివరించాడు. అసలు చిక్కేమిటంటే అక్కడ జరుగుతున్నది అప్పట్లో తమకే పూర్తిగా తెలియదని కూడా ఆయన ఒప్పుకొన్నాడు. లయన్స్ ఆ చోటును దాటవేయలేదు. రచయితలే వదిలేసిన పంక్తి వద్ద ప్రారంభ విద్యార్థిని చేయి పట్టుకొని నిలబెట్టడం ఆ గ్రంథం ఘనత. సిద్ధాంత గ్రంథాల్లో ఇటువంటి క్షణం సాధ్యం కాదు. పెట్టెలు, బాణాలు గీసిన పటంలో రచయితకు తెలియనిదంటూ ఏమీ ఉండదు.

5. 1979 నిబంధన

లయన్స్ సంపుటాలు మొదటి నుంచీ యునిక్స్ లైసెన్సు పొందినవారికే పరిమితం. కొంతకాలం బెల్ ల్యాబ్స్ స్వయంగా వాటిని పంచింది. 1979లో ఏడో ఎడిషన్ వచ్చేసరికి యునిక్స్ వాణిజ్య విలువ సంస్థకు తెలిసివచ్చింది. మూలకోడ్‌ను తరగతిలో బోధించడానికి కొత్త లైసెన్సు అనుమతి ఇవ్వలేదు. అప్పటి నుంచి లయన్స్ వ్యాఖ్య జిరాక్సు ప్రతులుగా, ప్రతికి ప్రతిగా, అక్షరాలు అలుక్కుపోయేంతవరకు దేశదేశాలు తిరిగింది. అది బహిరంగంగా పుస్తకరూపం ధరించింది 1996లో, యునిక్స్ హక్కులు చేతులు మారి శాంటా క్రూజ్ ఆపరేషన్ సంస్థకు చేరిన తర్వాత.

నిబంధన ఫలితాన్ని తూచడానికి ఆ దశాబ్దపు పుస్తకాలే సాక్ష్యం. 1983లో జేమ్స్ పీటర్సన్, ఏబ్రహం సిల్బర్‌షాట్జ్‌ల ‘ఆపరేటింగ్ సిస్టమ్ కాన్సెప్ట్స్’ వచ్చింది. ముఖచిత్రంపై డైనోసార్లు ఉన్నందున విద్యార్థులు దానిని డైనోసార్ పుస్తకమంటారు. భావన, పటం, అల్గారిదమ్, అభ్యాసం అన్న దాని క్రమం ఏ యంత్రానికీ కట్టుబడదు, ఏ సంస్థ అనుమతీ కోరదు. 1986లో బెల్ ల్యాబ్స్‌కే చెందిన మారిస్ బాక్ యునిక్స్ అంతర్నిర్మాణంపై రాసిన గ్రంథం మరింత చెబుతుంది. వ్యవస్థ యజమాని ఇంటిలోని రచయితే, తాను వివరిస్తున్న కోడ్‌ను పాఠకునికి చూపకుండా, దాని అల్గారిదమ్‌లను ఉజ్జాయింపు భాషలో తిరగరాసి ఇచ్చాడు. గ్రంథం ఉత్తమమైనదే. మూలం తీసివేసి వ్యాఖ్య మాత్రమే అచ్చువేసిన కావ్యం చదువుతున్నట్లుంటుంది.

కోడ్ చూపదలచిన అధ్యాపకుడు సొంతంగా వ్యవస్థను రాసుకోవలసిందే. పర్డ్యూ విశ్వవిద్యాలయంలో డగ్లస్ కోమర్ అలా జిను వ్యవస్థను నిర్మించి 1984లో కోడ్‌తో సహా పుస్తకంగా తెచ్చాడు. ఆమ్‌స్టర్‌డామ్‌లోని ఫ్రీ యూనివర్సిటీలో ఆండ్రూ టానెన్‌బామ్ యునిక్స్ ఏడో ఎడిషన్‌ను పోలిన మినిక్స్‌ను ఒక్క పంక్తి కూడా అరువు తీసుకోకుండా రాసి, సుమారు 12,000 పంక్తుల కోడ్‌తో 1987లో గ్రంథం వెలువరించాడు. అది ఐబీఎం పీసీపై నడిచేది. ఖరీదైన మినీ కంప్యూటర్ లేని విద్యార్థికి సొంత బల్లపై ఆపరేటింగ్ సిస్టమ్‌ను తెరిచి చూసే వీలు దానితో కలిగింది.

లైసెన్సు నిబంధన వల్ల విశ్వవిద్యాలయాలు యునిక్స్ అధ్యయనాన్ని వదిలి సిద్ధాంతానికి పరిమితమయ్యాయని వాదించినవారిలో టానెన్‌బామ్ ప్రముఖుడు. ఆయన సాక్షి కూడా కనుక ఆ మాటకు విలువ ఉంది. అయితే 1973–76 మధ్య వచ్చిన గ్రంథాలను ముందుంచుకొంటే దానిని కొంత సవరించాలి. సిద్ధాంత మార్గం అప్పటికే బలంగా ఉంది. వ్యాఖ్యామార్గం 1976లో పుట్టి మూడేళ్లకే ఆగిపోయింది. రెండూ ఒకే తరగతిలో ఒకదానినొకటి సరిదిద్దుకొనే అవకాశం పోయింది. 1979 నిబంధన చేసిన నష్టం ఇదే. సిద్ధాంత గ్రంథాలకు పుట్టుకను కాక, పోటీలేని ఒక దశాబ్దాన్ని అది ప్రసాదించింది.

6. పుస్తకం నుంచి పుట్టిన వ్యవస్థ

మినిక్స్ కథలోనూ లైసెన్సు ఉంది. హక్కులు ప్రచురణకర్త ప్రెంటిస్-హాల్‌వి. మార్పులు చేసిన వ్యవస్థను మొత్తంగా పంచడానికి వీల్లేదు, మార్పులను మాత్రమే విడిగా పంచుకోవాలి. కొత్త సదుపాయాలు చేర్చమన్న వాడకందారుల కోరికను టానెన్‌బామ్ చాలావరకు తిరస్కరించాడు. ఒక సెమిస్టర్‌లో చదవగలిగినంత చిన్నదిగా అది ఉండాలన్నది ఆయన ఉద్దేశం. అధ్యాపకుడిగా ఆ పట్టు సబబే. హెల్సింకి విశ్వవిద్యాలయ విద్యార్థి లైనస్ టోర్వాల్డ్స్ ఆ పుస్తకం చదివి, మినిక్స్ కొని, దానితో తృప్తి పడక 1991లో లినక్స్‌ను ప్రారంభించాడు. 1992లో దానిని జీపీఎల్ లైసెన్సు కిందకు తెచ్చాడు. సుమారు 10,000 పంక్తులతో మొదలైన లినక్స్ 1994 మార్చి నాటి 1.0 వెర్షన్‌కు 1,76,250 పంక్తులయింది. చదువుకొనే హక్కు అందరికీ దక్కింది. చదివి ముగించగల పరిమాణం మాత్రం పోయింది. మినిక్స్‌కు ఉదార లైసెన్సు వచ్చింది 2000లో, అప్పటికి ఆలస్యమైపోయింది.

ఎంఐటీ అధ్యాపకులు 2002లో మళ్లీ లయన్స్ వద్దకు వెళ్లారు. యునిక్స్ పాత ఎడిషన్లను కాల్డెరా సంస్థ స్వేచ్ఛగా వాడుకోనిచ్చినది కూడా ఆ ఏడాది జనవరిలోనే. ఆరో ఎడిషన్ కోడ్‌తో పాఠం చెబుతుండగా, కనుమరుగైన పీడీపీ-11 యంత్రం, పాతకాలపు సీ భాష విద్యార్థులకు అడ్డంకిగా మారాయి. దానితో 2006లో రస్ కాక్స్, ఫ్రాన్స్ కాషూక్, రాబర్ట్ మోరిస్ అదే నిర్మాణాన్ని నేటి యంత్రాలకు తిరగరాసి ఎక్స్‌వీ6 అని పేరుపెట్టారు. కోడ్ 10,000 పంక్తులకు లోపే. దాని ముద్రిత ప్రతి కూడా పుటకు 100 పంక్తులు. లయన్స్ పుట అమరికను ముప్పై ఏళ్ల తర్వాత చెక్కుచెదరకుండా నిలిపారు.

7. తెలుగు రాష్ట్రాల తరగతి గది

పాశ్చాత్య పాఠ్యపుస్తకాలు భారతీయ విద్యార్థికి చేరింది ప్రధానంగా చవక ముద్రణల ద్వారా. ప్రెంటిస్-హాల్ ఆఫ్ ఇండియా ముద్రణల్లో బాక్ గ్రంథమూ టానెన్‌బామ్ గ్రంథమూ దొరికేవి. ఐఐటీ బొంబాయి ఆచార్యుడు ధనంజయ్ ధాందేరే గ్రంథాలను టాటా మెక్‌గ్రా-హిల్ ప్రచురించింది. కనుక 1990ల నుంచి కోడ్ ఉన్న పుస్తకం ఇక్కడి విద్యార్థికి అందని వస్తువేమీ కాదు. ఆ కోడ్ చదవడానికి ఏటీ అండ్ టీ నిబంధన అడ్డూ లేదు. అయినప్పటికీ జేఎన్‌టీయూ అనుబంధ కళాశాలల సిలబస్‌లో ప్రధాన పాఠ్యగ్రంథంగా నిలిచింది డైనోసార్ పుస్తకమే.

లైసెన్సుతో మాత్రమే చరిత్రను వివరించేవారు సమాధానం చెప్పలేని చోటు ఇది. నిషేధం తొలగిన తర్వాత కూడా అలవాటు ఎందుకు కొనసాగింది? ప్రయోగశాల అభ్యాసాల జాబితాలో జవాబు కొంత దొరుకుతుంది. ముందు వచ్చినవారికి ముందు, చిన్న పనికి ముందు, వంతులవారీగా అన్న షెడ్యూలింగ్ పద్ధతులను విద్యార్థి సీ భాషలో అనుకరిస్తాడు. ప్రతిష్టంభన నివారణకు బ్యాంకర్ అల్గారిదమ్‌ను, పుటల మార్పిడి పద్ధతులను అదే విధంగా రాస్తాడు. ఇవన్నీ మామూలు ప్రోగ్రాములు. కొన్ని అంకెలు తీసుకొని సగటు నిరీక్షణ కాలాన్ని ముద్రించి ముగుస్తాయి. వాటిని నడుపుతున్న లినక్స్ కూడా ఆ క్షణంలో షెడ్యూలింగ్ చేస్తూనే ఉంటుంది, దాని కోడ్ బహిరంగంగానే ఉంటుంది, ఎవరూ దానిని తెరవరు. సగటు నిరీక్షణ కాలం లెక్కకు మార్కులు వేయడం సులభం. కోడ్‌లోని ఒక పంక్తి ఎందుకు ఉందో విద్యార్థి చెప్పిన సమాధానాన్ని వందల జవాబుపత్రాల్లో ఒకే కొలతతో దిద్దడం కష్టం. అనుబంధ కళాశాలల వ్యవస్థలో ప్రశ్నపత్రం ఒకచోట తయారై, బోధన మరొకచోట జరుగుతుంది. అటువంటి చోట వ్యాఖ్యామార్గం నిలదొక్కుకోవడానికి పరీక్షా విధానమే అనుకూలించదు. లయన్స్ తన విద్యార్థులకు తానే పాఠం చెప్పి తానే పరీక్ష పెట్టుకొన్నాడన్నది మరువరాదు.

2021లో ఏఐసీటీఈ తెలుగుతో సహా పలు భారతీయ భాషల్లో ఇంజనీరింగ్ బోధనకు అనుమతించి, పాఠ్యపుస్తకాలను ఆ భాషల్లోకి తెచ్చే పని చేపట్టడంతో ఈ చరిత్రకు కొత్త సందర్భం ఏర్పడింది. ఉన్నతవిద్యకు తెలుగు పుస్తకాలు అందించడానికి 1968లోనే తెలుగు అకాడమిని నెలకొల్పిన భాషాసమాజానికి ఇది పాత సమస్యే. పదం పక్కన పదం వెతుక్కోవడంతోనే అనువాదకుని శక్తి చాలావరకు ఖర్చవుతుంది. సిద్ధాంత గ్రంథంలో ఈ భారం మరీ ఎక్కువ, ఎందుకంటే దాని నిర్మాణమంతా నిర్వచనాలపై ఆధారపడుతుంది. డెడ్‌లాక్‌కు ప్రతిష్టంభన చక్కగా కుదురుతుంది. సెమాఫోర్‌కు, థ్రెడ్‌కు అటువంటి అదృష్టం లేదు.

వ్యాఖ్యా గ్రంథం పరిస్థితి వేరు. అందులో మూలం సీ భాషలో ఉంటుంది, దానిని అనువదించవలసిన పని లేదు. పంక్తి సంఖ్యలు అలాగే ఉంటాయి. తెలుగులో రావలసింది ఆ పంక్తులను వివరించే వాక్యాలు మాత్రమే. అన్వయం, పదవిభాగం, తాత్పర్యం, విశేషాంశం అని పద్యాన్ని విడమరిచి చెప్పడంలో శతాబ్దాల అభ్యాసం ఉన్న భాషకు ఆ వాక్యాలు పరాయివి కావు. సిడ్నీలో 1976లో లయన్స్ వ్యాఖ్య రాసినప్పుడు మూలం వేరొకరి ఆస్తి. ఎక్స్‌వీ6 మూలకోడ్ ఎంఐటీ లైసెన్సు కింద విడుదలయింది. దానిని అచ్చువేయడానికీ, మార్చడానికీ, పక్కన ఏ భాషలోనైనా వ్యాఖ్య రాసి ప్రచురించడానికీ హక్కుల ప్రకటనను ప్రతిలో ఉంచితే చాలు, ఎవరినీ అనుమతి అడగనక్కరలేదు.